పేరు మీద గీత

ఆ ఆఫీసులో చేరిన మొదటి ఏడాది నేనొక కవిగారి ముందు నవ్వులపాలయ్యాను. ఆయన తన కొత్త పుస్తకం మీద సంతకం చేస్తూ, లోపలి పేజీలో అచ్చయి ఉన్న తన పేరును పెన్నుతో అడ్డంగా కొట్టేసి, దాని కింద అదే పేరు చేత్తో రాశాడు. నేను పక్కన నిలబడి పుస్తకాలు అందిస్తున్నాను. పేరులో అచ్చుతప్పు పడిందనుకున్నాను. ఇంకో కాపీ తీసుకుని ప్రూఫుతో సరిచూడడానికి లోపలికి పరుగెత్తాను. అక్షరం అక్షరం పోల్చి, తప్పేమీ లేదని తేల్చుకుని తిరిగి వచ్చేసరికి, వరుసలో నిలబడ్డవాళ్ళకు మా డైరెక్టరు నా సంగతి చెప్పి నవ్విస్తున్నాడు.

తరవాత ఆయనే వివరించాడు. అచ్చులో ఉన్నది ప్రెస్సు వేసిన పేరు. మనిషే ఎదురుగా కూర్చున్నప్పుడు ఆ పేరుతో పనిలేదు కాబట్టి, దాన్ని కొట్టేసి చేత్తో రాస్తారట. అమెరికాలో చాలామంది కవులకు అది అలవాటు. మీ దేశంలో అలా చెయ్యరా అని అడిగాడు. మా భాషలో కవి తన పుస్తకం తన ఖర్చుతోనే వేసుకుంటాడు, అంత ఖర్చు పెట్టి వేయించుకున్న పేరును ఎవడూ కొట్టేసుకోడు అన్నాను. అది కూడా ఆయన చాలాకాలం నలుగురికీ చెప్పి నవ్వించాడు.

అది న్యూజెర్సీలో ఒక చిన్న ప్రచురణ సంస్థ. డబ్బులేసి బట్టలు ఉతుక్కునే దుకాణం పైన రెండు గదులు. మెషీన్లు తిరిగినంతసేపూ మా బల్లలు సన్నగా వణికేవి. ఏటా మేమొక బహుమతి ఇచ్చేవాళ్ళం. మెక్సికో, ప్యూర్టో రికో, ఈక్వడార్ లాంటి చోట్ల నుంచి వచ్చిన కుటుంబాలవాళ్ళను ఇక్కడ లాటినోలంటారు. వాళ్ళలో ఇంతవరకు ఒక్క పుస్తకం కూడా రాని కవులు తమ రాతప్రతులు పంపాలి. గెలిచిన ప్రతిని మేము పుస్తకంగా వేస్తాం. అంతే బహుమతి. కానీ దానికోసం టెక్సస్ నుంచి కూడా పంపేవాళ్ళు.

నేను ఆ గదుల్లోకి ఎలా వచ్చానంటే, మా ఆవిడ నర్సు కాబట్టి వచ్చాను. ఆమె ఉద్యోగం మీద మేము ప్లెయిన్స్‌బరో చేరాం. డిపెండెంటుగా కొన్నేళ్ళు ఇంట్లో కూర్చున్నాక, గ్రీన్‌కార్డు చేతికొచ్చాక, నాకు దొరికిన మొదటి పని ఇది. అంతకుముందు గుంటూరు మిర్చి యార్డులో ఒక కమీషన్ వ్యాపారి దగ్గర గుమాస్తాని. డిగ్రీ సగంలో ఆపేసినవాణ్ణి. సగటులు, శాతాలు ఎవరూ కూర్చోబెట్టి నేర్పలేదు. టిక్కీలనే మిర్చి బస్తాల మధ్య నిలబడి నోటితో నేర్చుకున్నవే.

పని తేలికైనది. వచ్చిన ప్రతి మీద పేరున్న పేజీ తీసి కవరులో పెట్టి అంటించాలి. ప్రతికి ఒక నంబరు వెయ్యాలి. తరవాత అయిదుగురు చదువరులు చదివి పదికి ఇన్ని అని మార్కులు వేస్తారు. నేను కూడతాను. పైన నిలిచిన అయిదు ప్రతులూ దూరాన ఉన్న ఒక పేరున్న కవయిత్రికి వెళతాయి. ఆమె ఒకటి ఎంచుతుంది. అప్పుడు కవరు చింపుతాం.

మొదటి ఏడాదే నాకు లెక్కలో ఒక దోషం కనిపించింది. చదువరుల్లో ఒకాయన ఎవరికీ ఆరు దాటి ఇవ్వడు. ఒకామె ఎవరికీ ఎనిమిది తగ్గనివ్వదు. యార్డులో కూడా ఇలాంటివాళ్ళుండేవారు. పిడికెడు కాయ తీసి, తొడిమ విరిచి వాసన చూసి, ఏ లాటునైనా తాలే, అంటే రంగు పోయిన నాసిరకం కాయే, అనే కొనుగోలుదారు ఒకడు. వాడు తాలు అన్న దాంట్లో ఏది తక్కువ తాలో చూసుకోవాలి తప్ప వాడి మాట పట్టుకుని ధర కట్టకూడదు. ఇక్కడా అంతే. మార్కులు వదిలేసి ఎవరి వరస వాళ్ళను పెట్టమని, ఆ వరసలు కూడదామని చెప్పాను. డైరెక్టరుకు నచ్చింది. మావాడు కవిత్వాన్ని కాటా మీద పెడతాడు అని వచ్చినవాళ్ళందరికీ నన్ను చూపించేవాడు.

ఆయన మంచి మాటకారి. ప్యూర్టో రికో నుంచి తాతలనాడు వచ్చిన కుటుంబం. ఈ బహుమతి ఆయన ఒంటిచేత్తో నిలబెట్టింది. ఆ మాట కాదనను.

చదువరులు మాత్రం చదివేటప్పుడు చాలా దుర్మార్గంగా ఉండేవారు. గోడకున్న తెల్లబోర్డు మీద, అందరూ వాడి అరగదీసిన మాటలతో ఒక ఆట పెట్టుకున్నారు. అమ్మమ్మ చేతులు, మామిడిపండు, సరిహద్దు నది, కొవ్వొత్తి. ఎవరి ప్రతిలో ఏది తగిలితే దాని కింద గీత. కాలేజీలో పాఠాలు చెప్పే ఒకావిడ ఈ ఆటకు పెద్ద. ఆవిడ పేజీ తిప్పుతూ, "ఇదిగో, అమ్మమ్మ వచ్చింది," అనేది.

"బతికుందా?" అని ఎవరో అడిగేవారు.

"మూడో పేజీలో పోయింది."

"మరీ త్వరగా పోయిందే. మంచి అమ్మమ్మ అయితే కనీసం సగం పుస్తకం దాకా మంచంలో ఉంటుంది."

అందరూ నవ్వేవారు. బోర్డు మీద గీతలు నన్నే లెక్కపెట్టమనేవారు. సగానికి పైగా ప్రతుల్లో అమ్మమ్మ ఉండేది. ఆ ప్రతులు పంపినవాళ్ళు ఏడాదంతా మా ఫోన్ కోసం ఎదురుచూస్తుంటారని ఆ గదిలో అందరికీ తెలుసు. అందరూ ఒకప్పుడు అలా ఎదురుచూసినవాళ్ళే.

మాంద్యం వచ్చి ఎడిసన్‌లో మావాళ్ళు చాలామంది ఉద్యోగాలు పోగొట్టుకున్న ఏడాది, ఒక ప్రతి వచ్చింది. నేను సాధారణంగా కవితలు చదవను. పేజీలు వరసగా ఉన్నాయో లేదో చూసి నంబరు వేస్తాను. ఇది చదివాను. మొదటి కవితలో ఒక తల్లి ఆసుపత్రి కౌంటరు దగ్గర నిలబడి ఉంటుంది, చేతిలో రెండు రోజుల బిడ్డ. బిడ్డకు తండ్రి ఇంటిపేరు రాయమంటుంది. ఆయన ఎక్కడ అని గుమాస్తా అడుగుతుంది. వెళ్ళిపోయాడు, పేరు మాత్రం తీసుకెళ్ళలేకపోయాడు అంటుంది తల్లి. పుస్తకం మొత్తం ఆ కౌంటరు దగ్గరే తిరుగుతుంది. ఆ పేరు ఏమిటో ఒక్క కవితలో కూడా చెప్పదు. ఆఖరి కవితలో, నా పేరు కావాలంటే అట్ట చూడండి అంటుంది.

బోర్డు మీద ఈ ప్రతికి ఒక్క గీత కూడా పడలేదు. అమ్మమ్మ లేదు, మామిడిపండు లేదు. కాలేజీ ఆవిడ ప్రతిని గుండెకు హత్తుకుని, "హమ్మయ్య, ఒక అనాథ దొరికింది," అంది. అయిదు వరసల్లోనూ అదే పైన ఉంది. ఆ ఉద్యోగంలో అలా జరగడం నేను చూడడం అదే మొదలు. దూరాన ఉన్న కవయిత్రి కూడా అదే ఎంచింది.

కవరు డైరెక్టరే చింపాడు. పేరు చదివి, కాగితాన్ని బల్లమీద పెట్టి, నా వైపు తిప్పాడు.

పేరు స్పానిష్ పేరే. ఇంటిపేరు మాత్రం మనది. కృష్ణా జిల్లాలో ఒక ఊరి పేరుతో వచ్చిన, వినగానే తెలుగువాళ్ళదని తెలిసిపోయే ఇంటిపేరు. అదే ఇంటిపేరున్న పెద్దమనిషి ఎడిసన్‌లో మేము వెళ్ళే తెలుగు చర్చిలో సంఘపెద్ద, గుండె డాక్టరు. నా మొహంలో ఏదో మారి ఉంటుంది.

"నీ మేనకోడలా?" అన్నాడు డైరెక్టరు.

ఆమె ఎవరో నాకు తెలియదన్నాను. అది నిజం. ఆయన నవ్వుతూనే, నంబర్లు వేసింది నువ్వు, కూడింది నువ్వు, గెలిచింది మీవాళ్ళ పేరు, బయటివాడెవడైనా ఏమనుకుంటాడు అని అడిగాడు. నేను వరసలన్నీ తెచ్చి పరిచాను. ఎవరి చేతిరాత వాళ్ళదే, కావాలంటే ఎవరైనా మళ్ళీ కూడవచ్చన్నాను. ఎవరూ కూడలేదు. కూడితే ఏమొస్తుందో వాళ్ళకూ తెలుసు. కాలేజీ ఆవిడ కిటికీ వైపు చూస్తూ, లాటినో కాని మనిషికి ఈ బహుమతి ఇస్తే ఇన్నేళ్ళ పనీ బూడిదే అంది. కవయిత్రికి ఫోన్ చేశారు. నేను ఎంచింది కవితలను, పాస్‌పోర్టులను కాదు అందట. ఆ పేరు చదివి వినిపించాక మాత్రం, కొంచెం స్పష్టత తెచ్చుకోవడం మంచిదే అందట.

ఆ స్పష్టత కోసం డైరెక్టరు ఒక పని చేశాడు. టెలిఫోన్ డైరెక్టరీలో ఆ ఇంటిపేరు వెతికాడు. ఆ చుట్టుపక్కల ఒకటే ఉంది. దానికి ఫోన్ చేశాడు.

ఆదివారం ఆరాధన అయ్యాక డాక్టరుగారు నన్ను పార్కింగ్ వైపు తీసుకెళ్ళారు. ఎప్పుడూ నాకు వందనాలు చెప్పి ముందుకు వెళ్ళిపోయే మనిషి.

"బ్రదర్, మీ ఆఫీస్ నుంచి ఇంటికి ఫోన్ వచ్చింది. లక్కీగా నేనే ఎత్తాను. నా నంబర్ మీరిచ్చారా?"

"లేదండి. డైరెక్టరీలో ఆ ఇంటిపేరు మీదొక్కటే ఉంది."

ఆయన కారు అద్దం మీద దుమ్మును వేలితో తుడిచారు. రెసిడెన్సీ చేసే రోజుల్లో ల్యాబ్‌లో పనిచేసే ఈక్వడార్ అమ్మాయిని కోర్టులో రిజిస్టర్ పెళ్ళి చేసుకున్నారట. ఎక్కువ కాలం కాదట. బిడ్డ పుట్టకముందే వదిలేసి ఇంకో ఊరి ఆసుపత్రికి మారిపోయారు. తరవాత ఏలూరు వెళ్ళి మేడమ్‌గారిని చేసుకున్నారు. మేడమ్‌గారు ఆ సమయంలో లోపల, ఆరాధన తరవాత అందరం కలిసి తినే ప్రేమవిందుకు పులిహోర వడ్డిస్తున్నారు.

"అదంతా ఓల్డ్ మేటర్ బ్రదర్. ఇంట్లో తెలీదు. పిల్లలకి అసలే తెలీదు. అలాంటి డాటర్ నాకు లేదని చెప్పేశాను. మీరు కొంచెం చూడండి. వాళ్ళ మదర్ పేరుతో వేస్తే అయిపోతుంది కదా? ఆవిడ పేరుకేమొచ్చింది?"

"నేను చేసేది కూడడం వరకేనండి డాక్టరుగారూ."

"కూడిక వచ్చినవాడికి తీసివేత కూడా వచ్చి ఉంటుంది బ్రదర్," అని నా భుజం తట్టి లోపలికి వెళ్ళారు. ఆ రోజు విందుకు ముందు ప్రార్థన ఆయనే చేశారు. అనాథలనూ విధవరాండ్రనూ జ్ఞాపకం చేసుకున్నారు.

మర్నాడో ఆ మర్నాడో ఆ అమ్మాయిని ఆఫీసుకు పిలిపించారు. అమ్మాయి అంటున్నాను గాని ముప్ఫై దాటింది. కోర్టులో స్పానిష్ మాట్లాడే ముద్దాయిలకు అనువాదం చేసే ఉద్యోగం. తల్లి పోయి రెండేళ్ళు. బహుమతి వచ్చిందని చెప్పడానికి పిలిచారనుకుని, మంచి పూల గౌను వేసుకుని, పెట్టెడు కేకుతో వచ్చింది. కేకు పెట్టె బల్లమీదే ఉండిపోయింది. ఎవరూ విప్పలేదు.

డైరెక్టరు, కాలేజీ ఆవిడ ఒకవైపు కూర్చున్నారు. వరసల కాగితాలతో నన్ను మూలన కూర్చోబెట్టారు. ఇంట్లో ఏ భాష మాట్లాడేవారని అడిగారు. ఆమె స్పానిష్‌లో జవాబు మొదలుపెట్టింది. కొంతసేపు విన్నాక డైరెక్టరు, కొంచెం నెమ్మదిగా మాట్లాడమన్నాడు. ఆమె ఇంగ్లీషులోకి వచ్చింది. పండగలకు ఏం వండేవారని, ఏ చర్చికి వెళ్ళేవారని అడిగారు. చెప్పింది. ఆ తరవాత కాలేజీ ఆవిడ ప్రతిని తిరగేస్తూ ఒక మాట అంది.

"ఇంత పుస్తకంలో ఒక్క అమ్మమ్మ కూడా లేదు. మాకది వింతగా అనిపించింది."

ఆ అమ్మాయి తల వెనకాలే తెల్లబోర్డు. తుడిచారు గాని, మార్కర్ గీతలు లీలగా కనిపిస్తూనే ఉన్నాయి. నేను వాటినే చూస్తున్నాను. డైరెక్టరు నన్ను చూసి చూపు తిప్పుకున్నాడు.

"ఉంది, ఈక్వడార్‌లో, గ్వయాకిల్‌లో," అంది అమ్మాయి. "ఇండియావాడి బిడ్డను ఎత్తుకొచ్చావని మా అమ్మను గడప తొక్కనివ్వలేదు. నాకు తెలిసింది తలుపే. కావాలంటే తలుపు మీద ఒక కవిత రాసిస్తాను."

అప్పటికైనా ఆపి ఉండవచ్చు. డైరెక్టరు గొంతు సవరించుకుని, ఆ ఇంటిపేరున్న మనిషితో తాను మాట్లాడానని, తనకు కూతురు లేదని ఆయన చెప్పాడని అన్నాడు.

కింద ఏదో మెషీను ఆఖరి చుట్టు తిరుగుతోంది. బల్ల వణికి ఆగింది.

"సరిగ్గా ఏ మాటలన్నాడు?" అంది ఆమె. "నా పని అది. సారాంశం వద్దు, మాటలు చెప్పండి."

"అలాంటి కూతురు నాకు లేదు అన్నాడు."

"అలాంటి, అన్నాడా?"

"అన్నాడు."

"అయితే ఇంకోలాంటిది ఉందన్నమాట. మంచిది. నాకు చెల్లెలుందని ఇప్పుడే తెలిసింది."

డైరెక్టరు ముందుకు వంగి చాలా దయగా మాట్లాడాడు. ఆయన దయగా మాట్లాడినప్పుడే నాకు భయం వేసేది. లాటినోలు ఎక్కువగా ఉండే పెర్త్ ఆంబోయ్ లాంటి ఊళ్ళో పన్నెండేళ్ళ పిల్ల ఒకతి లైబ్రరీలో బీరువా ముందు నిలబడుతుంది, పుస్తకాల వీపుల మీద పేర్లు చదువుకుంటూ పోతుంది, తనలాంటి పేరు ఒక్కటి కనిపించాలి, ఈ బహుమతి పెట్టిందే అందుకు అన్నాడు. అబద్ధం కాదు. ఆయన నిజంగా నమ్మేవాడు. కాబట్టి తల్లి ఇంటిపేరుతో పుస్తకం వేద్దాం, ఒక్క మాట మార్చితే చాలు, కవితలు ఒక్క అక్షరం ముట్టుకోం అన్నాడు.

"నాలాంటి పేరున్న పిల్ల అదే బీరువా ముందు నిలబడితే?"

అలాంటివాళ్ళు ఎందరుంటారు అంది కాలేజీ ఆవిడ.

ఆఖరి కవిత అట్ట చూడమంటుంది, అట్ట మీద ఇంకో పేరుంటే పుస్తకం మొత్తం అబద్ధం అవుతుంది అంది అమ్మాయి. పాఠకులు అంత లోతుకు వెళ్ళరన్నాడు డైరెక్టరు. అప్పుడు నా పేరు ఎత్తాడు. ఆ ఇంటిపేరు అట్ట మీద, ఆ దేశంవాడు లెక్కల దగ్గర. నలుగురూ నాలుగు మాటలంటారు. రెండిట్లో ఒకటి తీసెయ్యక తప్పదు. ఆ మాట అంటూ ఆయన నా వైపు చూడలేదు. ఆమె చూసింది.

ఆలోచించుకోవడానికి వారం ఇచ్చారు. నేను కేకు పెట్టె పట్టుకుని ఆమెతో కిందదాకా దిగాను. దుకాణం ముందు చూరు కింద ఆగి ఆమె అడిగింది.

"మీకు ఆయన తెలుసు కదా? నేను లోపలికి రాగానే మీరు నా మొహంలో ఎవరినో వెతికారు."

తెలుసు, ఆదివారాలు కనిపిస్తాడన్నాను.

"పోలికలున్నాయా?"

"చెవులు," అన్నాను. నిజంగానే చెవులు.

"దరిద్రం. ఇవి మా అమ్మ చెవులనుకున్నాను." జుట్టు చెవుల మీదికి లాక్కుని, "మీవాళ్ళు ఒకరినొకరు అంకుల్ అని పిలుచుకుంటారట కదా. నాకు ఎవరూ లేరు అలా పిలవడానికి. మిమ్మల్ని పిలవచ్చా, లేక దానికి కూడా కమిటీ కూర్చోవాలా?" అంది.

పిలువమ్మా అన్నాను. కేకు నన్నే తీసుకెళ్ళమంది. ఇంటికి తీసుకెళ్ళాను. మా ఆవిడ సంగతంతా విని, కోసి నాకో ముక్క పెట్టి, తను తినకుండా లేచి వెళ్ళిపోయింది.

వారం తిరక్కుండానే ఆ అమ్మాయి ఫోన్ చేసి ఒప్పుకుంది. ఫోన్ ఎత్తింది నేనే. డైరెక్టరుకు ఇచ్చేముందు నాతో ఒక మాట చెప్పింది. "మీ ఉద్యోగం కోసం అనుకోకండి అంకుల్. ఎనిమిదేళ్ళుగా పంపుతున్నాను, ఎవరూ వెయ్యలేదు. నాకు పుస్తకం కావాలి. మా అమ్మ విని ఉంటే నా చెంప పగలగొట్టేది." నేను నమ్మాను. సగం నా కోసం కూడా అని ఇప్పటికీ అనుకుంటాను. పాళ్ళు తేల్చే పద్ధతి నాకు తెలియదు.

ఫలితం ప్రకటించాం. తల్లి ఇంటిపేరుతోనే. ఆ ఆదివారం డాక్టరుగారు నాకోసం ఆగి మరీ చెయ్యి కలిపారు. "థ్యాంక్స్ బ్రదర్. అంతా దేవుని కృప," అన్నారు. నేనేమీ చెయ్యలేదండి అన్నాను. దానికి ఆయన, తెలుసులే అన్నట్టు నవ్వారు. చర్చిలో ఆయన ముందు వరస, మాది వెనక వరస. ఆ రోజు మమ్మల్ని ముందుకు రమ్మన్నారు. మా ఆవిడ వెళ్ళలేదు.

ప్రూఫులు చూసుకోవడానికి ఆమె ఆఫీసుకు వచ్చినప్పుడు గదిలో నేనొక్కణ్ణే ఉన్నాను. పేరున్న పేజీ దగ్గర చాలాసేపు ఆగింది. తరవాత, తన ఇంటిపేరు తెలుగులో ఎలా ఉంటుందో రాసి చూపించమంది. పాత ప్రూఫు వెనకాల పెద్ద అక్షరాలతో రాశాను. ఎక్కడ మొదలుపెట్టాలి, పెన్ను ఎటు తిరగాలి అని అడిగి, నాచేత మళ్ళీ రాయించింది. మొదట్లో ఆమె అక్షరాలు పక్కకు ఒరిగేవి. అవన్నీ గుండ్రంగా ఉన్నాయి, ఒక్కటీ నిలబడదు, ఆయనలాగే అంది. నేర్చుకునేదాకా కదల్లేదు. దేనికని నేను అడగలేదు. ఆ మొదటి ఏడాది నేను ప్రూఫు కోసం పరుగెత్తిన రోజు నాకు గుర్తొచ్చింది. అడగకుండానే అర్థమైంది.

పుస్తకం విడుదల లైబ్రరీ హాల్లో జరిగింది. జనం బాగానే వచ్చారు. ఆమె చదివింది, కౌంటరు కవితలన్నీ చదివింది, ఆఖరిది మాత్రం చదవలేదు. డైరెక్టరు మాట్లాడుతూ పన్నెండేళ్ళ పిల్లనూ బీరువానూ మళ్ళీ చెప్పాడు. చప్పట్లు కొట్టారు. ఆమె కూడా కొట్టింది.

తరవాత బల్ల దగ్గర కూర్చుంది. నేను పుస్తకాలు విప్పి అందిస్తున్నాను. మొదటి కాపీ తీసుకుని, అచ్చయిన పేరు మీద గీత పెట్టింది. చిన్న గీత కాదు, కాగితం అవతలికి తేలేంత గట్టి గీత. తల్లి పేరు అది. కింద తన పేరు ఇంగ్లీషులో రాసి, పక్కన ఇంటిపేరు తెలుగులో రాసింది. గుండ్రంగా, నిటారుగా, ఒక్క అక్షరం ఒరగకుండా.

పుస్తకం పట్టుకున్న ముసలావిడ ఎంత అందంగా ఉంది, తీగలా ఉంది అంది. తరవాతివాళ్ళు కూడా అలాంటిదే గీయమన్నారు. డైరెక్టరు ఒక కాపీ చేతికి తీసుకుని చూసి, నా చెవి దగ్గరికి వంగాడు.

"అదేమిటి?"

"ఆవిడ పేరు."

ఆయన ఎవరినీ ఆపలేడు. కవులందరూ చేసే పనే ఆమె చేస్తోంది, ఆయనే నాకు నేర్పిన ఆచారం. చేతిలో కాపీని మూసి, జనానికి నవ్వుతూ, "మా కవయిత్రి అలసిపోయింది, మిగతా కాపీలు సంతకం లేకుండా తీసుకోండి," అన్నాడు. నా చేతిలోంచి కట్ట లాక్కుని పెట్టెలో పెట్టాడు. వరుసలో ఇంకా మనుషులున్నారు. ఆమె పెన్ను మూత పెట్టకుండా వాళ్ళ వైపు చెయ్యి చాపి కూర్చుంది. కొందరు పెట్టె దగ్గరికి వెళ్ళి తామే తెచ్చుకున్నారు. ఎక్కువమంది వెళ్ళిపోయారు.

హాలు ఖాళీ అయ్యాక ఆమె తన సంచిలోంచి ఒక కాపీ తీసింది. ఇంట్లోనే సంతకం చేసి తెచ్చింది. ఎవరికి అని రాయలేదు, ఒక్క మాట రాయలేదు. గీత, దాని కింద పేరు.

"ఆదివారం కనిపిస్తాడన్నారు కదా అంకుల్."

నేను తీసుకున్నాను. వద్దనడానికి కారణాలు వెతికితే దొరికేవి. వెతకలేదు. వెతకనందుకు విచారమూ లేదు.

ఆ ఆదివారం ప్రేమవిందులో డాక్టరుగారు ప్లేటుతో మా బల్ల దగ్గరికి వచ్చి కూర్చోబోతున్నారు. మేడమ్‌గారు అవతలి బల్ల దగ్గర పిల్లలకు ఐస్‌క్రీము పంచుతున్నారు. నేను లేచి పుస్తకం ఆయన చేతిలో పెట్టాను. ప్లేటు బల్లమీద పెట్టి, కళ్ళజోడు సర్దుకుని, అట్ట చూశారు. తల్లి పేరు చూసి తేలికపడ్డారు. లోపలి పేజీ తిప్పారు.

తెలుగు కదా, చదవకుండా ఉండలేరు. ఒక్క చూపులో చదివేశారు.

ఆయన చేతులు వణకలేదు. అంతమంది గుండెలు కోసిన చేతులవి. పేజీని కుట్టు దగ్గర వేలితో నొక్కి, పైనుంచి కిందికి, చిరుగు పక్కకు పోకుండా, చప్పుడు కాకుండా చింపారు. నాలుగు మడతలు పెట్టి వెనక జేబులో పెట్టుకున్నారు. పుస్తకం మూసి నాకు తిరిగి ఇచ్చారు.

"బాగుంది బ్రదర్. లైబ్రరీకి ఇచ్చేయండి," అని, కుర్చీ లాక్కుని కూర్చుని, పెరుగన్నం కలుపుకున్నారు. మా ఆవిడ ఆయనకు ఆవకాయ గిన్నె జరపలేదు. ఆయనే అందుకున్నారు.

సోమవారం ఆ అమ్మాయి ఆఫీసుకు ఫోన్ చేసింది.

"ఇచ్చారా?"

ఇచ్చానన్నాను.

"చూశాడా?"

"చూశాడు. పేరున్న పేజీ చింపి ఉంచుకున్నాడు. పుస్తకం తిరిగిచ్చేశాడు."

అవతల కోర్టు వరండాలో ఎవరినో పేరు పెట్టి పిలుస్తున్న చప్పుడు వినిపించింది.

"ఉంచుకున్నాడా?" అంది. గొంతు మారింది. "ఎక్కడ పెట్టుకున్నాడు?"

ఆమెకు సారాంశం పనికిరాదని నాకు తెలుసు. ఉన్నదున్నట్టు చెప్పాను.

"ప్యాంటు వెనక జేబులో."

"తరవాత?"

"కూర్చుని భోంచేశాడు."

ఆమె నవ్వింది. మామూలు నవ్వే, గట్టిగా. "అయితే దానిమీదే కూర్చున్నాడు అంకుల్," అంది. "ఎంతసేపు?"

ఆయన ఆ రోజు అందరికన్నా ఆఖరున లేచాడు. ఆ మాటే చెప్పాను.